ఊఁ అన్నంత మాత్రాన

టేపు గంట నిడివి ఉంటే కంప్యూటర్లోకి ఎక్కించడానికీ గంటే పడుతుంది. ఈ ముక్క కాత్యాయని నిర్మాత గ్రెగ్‌కి మధ్యాహ్నం నుంచి ఎన్నిసార్లు చెప్పిందో. అతను తల ఊపుతాడు, వెళ్ళిపోతాడు, కాసేపటికి మళ్ళీ తలుపు సందులోంచి తొంగి చూసి "ఇంకాస్త స్పీడుగా కాదా, కేట్?" అంటాడు. కాదు. వెయిక్కో అనే ముసలాయన ఉత్తర క్వీన్స్‌లాండ్‌లో తన చెరుకు తోట ముందు కుర్చీ వేసుకుని గంటసేపు మాట్లాడాడు. ఆ గంట ఈ పెట్టెలోకి రావాలంటే ఆయన మళ్ళీ గంటసేపు కూర్చోవలసిందే, ఆయన ఎదురుగా ఈమే కూర్చోవలసిందే. వేళ్ళు మాత్రం ఊరుకోవడం లేదు, మీటల మీద తాళం వేస్తున్నాయి. ముందుకు తిప్పడానికి లేదు, వెనక్కి తిప్పడానికి లేదు. ఆ వానల ప్రాంతంలో రెండేళ్ళు అట్టపెట్టెలో పడి ఉండి బూజు పట్టిన టేపది, అటూ ఇటూ తిప్పారంటే పూత రాలిపోతుంది, ఒక్కసారి నడిపి వదిలేయండి అన్నాడు రికార్డర్లు బాగుచేసే మనిషి. బొమ్మ కింద అంకెలు కదులుతున్నాయి. ఆరు నిమిషాల పదకొండు సెకన్లు. యాభై రెండో నిమిషం దాకా ఇలాగే. ఐదింటికి కొరియర్ మనిషి వస్తాడు, టీవీ ఛానెల్ వాళ్ళకి సినిమా వెళ్ళిపోవాలి. ఐదింటికే ఇంకొకటి కూడా వెళ్ళిపోతుంది, దాని గురించి ఇప్పుడు ఆలోచించకూడదు అనుకుంది. అనుకోగానే అదే ముందుకు వచ్చి కూర్చుంది.

వెనక సోఫా మీద లీసా బూట్లతోనే నిద్రపోతోంది. సినిమా ఆవిడది. ఇరవై ఆరు గంటలు ప్రయాణం చేసి ఫిన్లాండ్ నుంచి ఈ పొద్దున్నే దిగి, సూట్‌కేసు మెట్ల దగ్గరే వదిలేసి పైకొచ్చి, కాఫీ కూడా అడగకుండా ఎడిట్ మొత్తం చూసింది. మంచు పొలాలు చూసింది, చెరుకు తోటలు చూసింది, ఒక్కచోటా కదల్లేదు. వెయిక్కో వచ్చిన చోట మాత్రం ముందుకు వంగింది. చివర్న "వెయిక్కో జవాబు ఎక్కడ?" అంది. జవాబా? జవాబు చెప్పలేదు కదా ఆయన. కాత్యాయని తను రాసిన కాగితం తీసి చూపించింది. ఏ నిమిషంలో ఏముందో వరసగా రాసుకున్న కాగితం. యాభై రెండో నిమిషం, ప్రశ్న: నువ్వింకా ఫిన్లాండ్ మనిషివేనా? దానికెదురుగా ఆమె చేతిరాత: జవాబు లేదు. లీసా ఆ కాగితం చూసి, ఈమె ముఖం చూసి, పెదవులు కొంచెం తెరిచి గాలి లోపలికి పీల్చింది. వేడి చారు జుర్రినట్టు, చల్లనీళ్ళలో కాలు పెట్టినవాడు ఉలిక్కిపడినట్టు. ఆ పీల్పులో సన్నగా ఒక మాట ఉంది. యో. వాళ్ళ భాషలో అవును. "ఇది విన్నావా ఎక్కడైనా?" అంది. విన్నాను. విని, కోసేశాను. నలభై మూడు చోట్ల.

నలభై మూడు. ఎంత శ్రద్ధగా కోసిందో తలుచుకుంటే ఒళ్ళు మండుతోంది. తన మీదే. "ముసలాయనకి ఆయాసంలా ఉంది, ఆ గురక శబ్దాలు తీసెయ్, వినేవాళ్ళకి ఇబ్బంది" అన్నాడు గ్రెగ్. ఆమె రెండు వారాలు చెవులకి హెడ్‌ఫోన్లు తగిలించుకుని, ఒక్కొక్క పీల్పునీ పట్టుకుని, అటూ ఇటూ గాలి చప్పుడు అతికి, అతుకు తెలియకుండా చేసింది. వాటిని ఆయాసం అనుకోలేదు ఆమె. అక్కడే ఉంది తప్పంతా. అవి మాటల మధ్యలో వస్తున్నాయని, లీసా ఏదైనా చెబుతుంటే వస్తున్నాయని గమనించింది. గమనించి, ఓహో ఊఁ కొడుతున్నాడు అనుకుంది. ఊఁ కొట్టడం ఆమెకి తెలియనిదా? చోడవరం దగ్గర వాళ్ళ ఊళ్ళో నాన్న బెల్లం వండేవాడు. పెనం మీద రసం పొంగుతుంటే తెడ్డు తిప్పుతూ కథ చెప్పేవాడు. ఊఁ అంటేనే చెప్పేవాడు. కాస్త ఆగిందంటే "నిద్రోయావేటి?" అని కథ అక్కడే ఆపేసేవాడు. అందుకని కళ్ళు మూతలు పడుతున్నా ఊఁ, కథ బోధపడకపోయినా ఊఁ. రాజు మంచివాడన్నా ఊఁ, అదే రాజు దుర్మార్గుడన్నా ఊఁ. ఊఁ అంటే అవును కాదు. ఊఁ అంటే ఉన్నాను, వింటున్నాను, చెప్పు. అది మాటే కాదు, మాటకి పట్టుకొమ్మ. దాన్ని తీసేస్తే ఏం పోతుంది? ఇంగ్లీషులోకి మార్చి పంపిన మనిషి కూడా మాటలే రాశాడు, పీల్పులు రాయలేదు. తీసేసింది. తీసేసి డిస్కులో పాత బొమ్మంతా చెరిపేసింది, ఫిన్లాండ్ నుంచి వస్తున్న మంచు షాట్లకి చోటు కావాలని. అందుకే ఇప్పుడు ఈ టేపు మళ్ళీ మొదటి నుంచి.

ఆ పైన గ్రెగ్ ఆమె కాగితం చూసి వ్యాఖ్యానం రాయించాడు. వ్యాఖ్యానం చదవడానికి వచ్చిన నటుడిది మంచి గొంతు. గాజు గదిలో నిలబడి, ఆగి, "ఆయన జవాబు చెప్పలేదు" అన్నాడు. ఆ రోజు ట్రామ్‌లో ఇంటికి వెళ్తూ ఆమె ఎంత పొంగిపోయిందో. ఆ మూడు మాటలూ తన కాగితంలోంచి వచ్చినవి. మూడు మాటలా? రెండే. జవాబు లేదు. ఇప్పుడు ఆ రెండు మాటలు ఒక మనిషి మీద మూతలా పడ్డాయి. ఆ మనిషి జూన్‌లో చనిపోయాడు, లేచి వచ్చి అదేం కాదమ్మా అనడానికి లేదు.

పద్నాలుగు నిమిషాలు. వెయిక్కో తను కట్టుకున్న ఆవిరి గది గురించి చెబుతున్నాడు. బయట నలభై డిగ్రీల ఎండ కాస్తుంటే, చెరుకు తోట వెనక చెక్కలతో గది కట్టి, రాళ్ళు కాల్చి, వాటి మీద నీళ్ళు చల్లి, ఆ ఆవిరిలో కూర్చునేవాడట. పక్క తోట వాళ్ళు పిచ్చివాడనుకున్నారట. నవ్వుతున్నాడు, పళ్ళు లేవు. లీసా ఏదో అంది. యో, గాలి లోపలికి. ఇదిగో, పదకొండోది. కాగితం మీద గీత పెట్టింది. ఎంత స్పష్టంగా ఉంది! ఇన్నాళ్ళూ చెవుల్లో ఏం పెట్టుకుని కూర్చున్నావు?

చెవులు బాగుంటాయనే కదా ఈ ఉద్యోగం ఇచ్చింది. ఏడాది కిందట ఇక్కడ టేపుల మీద చీటీలు అంటించే పనికి వచ్చినప్పుడు, ఒక టేపు మీద ఎవరో 'వాన' అని రాసి ఉంటే ఆమె కొట్టేసి 'చెరుకాకు' అని రాసింది. ఎవరినీ అడగకుండా. గాలికి చెరుకాకు ఒకదానికొకటి రాసుకుంటే దూరానికి వానలాగే ఉంటుంది, చిన్నప్పుడు ఆ చప్పుడుకి ఎన్నిసార్లు మోసపోయి బట్టలు లోపలికి తెచ్చిందో. లీసా ఆ చీటీ చూసి, ఇది రాసిందెవరు అని అడిగి, మర్నాటి నుంచి ఈ గదిలో కూర్చోబెట్టుకుంది. పేరు కూడా ఆవిడొక్కతే పూర్తిగా పలుకుతుంది, కాత్యాయనీ అని మొదటి అక్షరం మీద బరువు పెట్టి. వాళ్ళ భాషలో దీర్ఘాలుంటాయట. లీసా షాట్లు ఎంతకీ కదలవు. ఒక మంచు పొలం, ఒక కొట్టం, కొట్టం మీద కాకి. నిమిషం. రెండు నిమిషాలు. గ్రెగ్ జుట్టు పీక్కుంటాడు. కాత్యాయనికి మాత్రం అలా చూడటం కష్టంగా అనిపించలేదు. పొలం గట్టు మీద కూర్చుని పశువులను చూసుకున్న మనిషికి అది చూడటమే, వేరే విద్యేమీ కాదు. మూడో నిమిషానికి కాకి ఎగురుతుంది. ఎగరకపోతే మంచు మీద నీడ జరుగుతుంది. పొలం నీది కాకపోయినా ఎక్కువసేపు చూస్తే అది నిన్ను గుర్తుపట్టినట్టు ఉంటుంది. లీసా ఈ సినిమాలో అడుగుతున్నది కూడా అలాంటిదే కావచ్చు. ఆ మంచు వదిలేసి వచ్చి నలభై ఏళ్ళు ఈ చెరుకు నరికినవాడు ఏ పొలం మనిషి? వచ్చే ఏడు మళ్ళీ ఉత్తరానికి వెళ్తున్నాను, మైకు నువ్వు పట్టుకో అని ఫిన్లాండ్ నుంచి ఈమెయిల్ రాసింది. కాత్యాయని దాన్ని కాగితం మీద అచ్చు తీసి బ్యాగులో పెట్టుకుంది. భర్త ఉమామహేశ్వరరావుకి చూపించలేదు. అడిగితే చూపించేది.

అడిగాడు కదా పొద్దున్న. అడిగింది వేరేది. బాత్రూమ్‌లో గడ్డం గీసుకుంటూ, నీళ్ళ చప్పుడులో, "పెర్త్ కాంట్రాక్ట్ వచ్చిందోయ్! రెండేళ్ళు గ్యారంటీ. వైటూకే అయ్యాక ఇక్కడ మనల్నెవడూ ఉంచుకోడు, అందరం రోడ్డు మీదే. అక్కడైతే ఇల్లు పెద్దది, అద్దె సగం. ఏజెంట్ ఈరోజు ఐదింటిలోగా సైన్ చేసి ఫ్యాక్స్ కొట్టమంటున్నాడు. వెళ్దామా?" అన్నాడు. పోపులో ఆవాలు చిటపటమంటున్నాయి. ఆమె ఊఁ అంది. అంటే, విన్నాను. అంటే, ఇంకా చెప్పు, అక్కడ నాకేముంటుంది, ఇక్కడ నాకేముందో నీకు తెలుసా, బయటికి వచ్చి తువ్వాలుతో ముఖం తుడుచుకుని ఎదురుగా కూర్చుని అడుగు. అతను బయటికి వచ్చాడు, తుడుచుకున్నాడు, "గుడ్" అన్నాడు. టిఫిన్ నిలబడే తిని స్టేషన్‌కి పరుగెత్తాడు. గుడ్! ఆ గుడ్‌ని పట్టుకుని గోడకేసి కొట్టాలనిపించింది. బ్యాంకులో అతని పని ఏమిటి, రెండంకెలున్న చోట నాలుగంకెలు పెట్టడం. తొంభై తొమ్మిది అంటే ఏ తొంభై తొమ్మిదో యంత్రం తనంతట తను అనుకోకూడదట, విడమరిచి చెప్పాలట. దానికోసం నాలుగొందల మంది పగలూ రాత్రీ కూర్చుంటారట. ఇంట్లో ఊఁ అంటే ఏ ఊఁయో ఒక్కసారి విడమరిచి అడగడానికి మాత్రం మనిషి దొరకడు. మొన్న ఆదివారం బార్బెక్యూ దగ్గర లలితకుమారి ఆంటీ అందరి ముందూ అననే అంది కదా, "మీ ఆవిడ మాట్లాడదేంటయ్యా మహేశ్వరరావూ, మ్యూట్ నొక్కి తీసుకొచ్చావా?" అని. అందరూ నవ్వారు. అతనూ నవ్వి "అడ్జస్టబుల్, ఆంటీ, దేనికైనా ఊఁ అంటుంది. లక్కీ కదా నేను" అన్నాడు. అప్పుడు కూడా ఆమె ప్లేట్లో మొక్కజొన్న పొత్తు వైపు చూస్తూ ఊఁ అనే అని ఉంటుంది. దేవుడా.

ఇరవై ఒకటో నిమిషంలో ఫోన్ అందుకుంది. ఒక కన్ను అంకెల మీదే ఉంచి అతని మొబైల్‌కి చేసింది. లీసా ఊరు ఏదంటే "ఫిన్లాండా, మన నోకియా వాళ్ళు" అనడం తప్ప ఆ దేశం గురించి అతనికి ఇంకేమీ తెలియదు.

"ఆఁ చెప్పు చెప్పు, త్వరగా. ఇక్కడ టెస్టింగ్ ఫెయిలై తగలడింది."

"ఏం లేదండీ. పెర్త్ సంగతి..."

"అదా, పేపర్లన్నీ ఫిల్ చేశా. నీ డేట్ ఆఫ్ బర్త్ ఆగస్టే కదా? ఆఫీస్‌లో ఫ్యాక్స్ దగ్గర క్యూ ఉంది, నాలుగున్నరకి వెళ్తా. ఏటి, గొంతు అలా ఉంది? జలుబా?"

"జలుబు కాదు. మీరు పొద్దున్న..."

అప్పుడే గ్రెగ్ తలుపు తోశాడు. చేతి గడియారం మీద వేలితో కొట్టి చూపించాడు. ఆమె టేపు వైపు చూపించింది, ఇరవై మూడు, ఇంకా ఇరవై మూడే అని. ఈలోగా చెవిలో భర్త "వచ్చేటప్పుడు పాలు తేవా? రెండు లీటర్లు" అంటున్నాడు. ఆమె గ్రెగ్ వైపు చూస్తూనే, తెలియకుండానే, ఊఁ అంది. "గుడ్" అని పెట్టేశాడు. రిసీవర్ చేతిలో అలాగే ఉండిపోయింది. నవ్వు రాలేదు. ఏడుపూ రాలేదు. నాలుకని పళ్ళ మధ్య పెట్టి కొరుక్కుంది, గట్టిగానే.

ముప్పై ఎనిమిదిలో బొమ్మ చెదిరింది. వెయిక్కో ముఖం గళ్ళు గళ్ళుగా విడిపోయి, కళ్ళొకచోట, టోపీ ఒకచోట అయ్యాయి. ఆమె కుర్చీలోంచి సగం లేచింది. ఆపకూడదు. ఆపితే టేపు పూత రికార్డరు తలకి అంటుకుపోతుంది, ఇక కదలదు. ఆపకపోతే ఇలాగే పోతుందేమో చివరిదాకా. ఏం చెయ్యాలి? లీసాని లేపాలా? లేపి ఏం చెప్పాలి, మీ ముసలాయన నా చేతిలో రెండోసారి పోతున్నాడనా? కింద వీధిలో ట్రామ్ గంట కొట్టుకుంటూ పోయింది, గోడ కొద్దిగా అదిరింది, ఇది చాలదన్నట్టు. గళ్ళు. గళ్ళు. శబ్దం మాత్రం ఉంది, చెరుకాకు రాసుకుంటోంది, దాని వెనక ఎక్కడో ట్రాక్టరు. ఉండు, ఉండు, పోకు అని తెలుగులో పైకే అంది యంత్రంతో. పన్నెండు సెకన్ల తరవాత ముసలాయన మళ్ళీ ఒక్క ముఖంగా అయ్యాడు. ఏమీ ఎరగనట్టు తేనె గురించి మాట్లాడుతున్నాడు. ఆమె కూర్చుంది. గీతలు లెక్క తప్పాయి, ఇరవై తొమ్మిదా, ముప్పయ్యా.

అవునని చెప్పాడు ఆయన. అది చాలు. ఇంక ఎవరేమన్నా, యాభై రెండో నిమిషంలో ఆయన అవునన్నాడు, ఆ అవును తిరిగొస్తుంది, తను చేసిన తప్పు తుడిచిపోతుంది. నలభై ఏళ్ళు ఇంకొకరి మట్టిలో చెరుకు నరికిన మనిషిని నువ్వెవరివి అని అడిగితే చప్పున అవును అన్నాడంటే ఎంత బలం ఉండాలి లోపల. ఒక్కసారి ఊపిరి పీల్చి చెప్పేశాడు. తనకది ఎందుకు రాదు? కాదు అని ఒక్క మాట. నోటి దాకా వస్తుంది, పెదవులు మూసుకుంటాయి, ముక్కులోంచి ఊఁ అయి పోతుంది. నలభై తొమ్మిది. యాభై. ముసలాయన టోపీ తీసి మోకాలి మీద పెట్టుకున్నాడు. యాభై ఒకటి. తోట మీద మబ్బు నీడ పడింది. టేపులో లీసా గొంతు వినిపించింది, వాళ్ళ భాషలో, నెమ్మదిగా, అదే ప్రశ్న. వెనక సోఫా కిర్రుమంది. తన గొంతుకి తనే లేచి కూర్చుంది లీసా.

వెయిక్కో జవాబు చెప్పే ముందు తోట వైపు చూశాడు. ఆకులు అన్నీ ఒకేవైపు వంగాయి, లేచాయి. ముప్పై సెకన్లు. నలభై. ఇక్కడే కదా కోసింది తను, ఇక్కడే. పెదవులు కొంచెం తెరుచుకున్నాయి. గాలి లోపలికి. యో.

"వచ్చేసింది! అవునన్నాడు. యెస్ అన్నాడు కదా?" కాత్యాయని కుర్చీతో సహా తిరిగింది.

లీసా కళ్ళు ఎర్రగా ఉన్నాయి. "అనుకున్నాను. అప్పుడూ అలాగే అనుకున్నాను" అంది. తరవాత, "మా వాళ్ళు దాన్ని అవునుకీ పీలుస్తారు. సర్లే, నువ్వన్నది వినపడింది అనడానికీ పీలుస్తారు."

"ఈయన ఏది అన్నాడు?"

"నాకు తెలీదు, కాత్యాయనీ."

"మీరు మళ్ళీ అడగలేదా?"

లీసా చెయ్యి చాపి తెర మీద కదులుతున్న ఆకులను చూపించింది. "గాలి చూడు ఎలా వచ్చిందో. నీడ చూడు. అలాంటి షాట్ మళ్ళీ దొరకదు. నేను నోరు తెరిస్తే పాడవుతుందని ఊరుకున్నాను. వచ్చే ఏడు అడగొచ్చులే అనుకున్నాను." బూటు లేసు ఊడి ఉంది, వంగి కట్టుకోబోయి మానేసింది. "ముప్పై ఏళ్ళుగా మా వాళ్ళు మాట్లాడరు, మాట్లాడరు అని సినిమాలు తీస్తున్నాను. అడగనిది నేను."

గ్రెగ్ వచ్చాడు. విషయం విన్నాడు. "నో వర్రీస్, కింద యెస్ అని సబ్‌టైటిల్ వేసేద్దాం. తేలిపోతుంది" అన్నాడు. లీసా వద్దంది. పోనీ పాత వ్యాఖ్యానమే ఉంచుదామా అంటే అదీ వద్దంది. "మరి ఆ ఖాళీలో ఏం పెట్టను?" అని గ్రెగ్ చేతులు రెండూ పైకెత్తాడు. "ఏం పెట్టకు." కాత్యాయని ఆ మంచి గొంతు నటుడి వాక్యాన్ని చెరిపేసింది. తన రెండు మాటలు. వాటి చోట ఆకుల చప్పుడు, ఒక ఊపిరి. అవునో కాదో ఎవరికీ తెలియని ఊపిరి. తుడిచిపోతుందనుకున్న తప్పు తుడిచిపోలేదు, ఇంకా పెద్దదై ఇద్దరికీ సరిపోయింది. మిగతా నలభై రెండూ వాటి చోట్ల పెట్టాలి, అరగంట కూడా లేదు. ఛీ అనుకుంది. ఏమిటిది, ఒక్క ప్రశ్న ఇంకోసారి అడగడానికి మనుషులకి ఏమిటింత బరువు? అడిగేవాడు ఒక్కసారి అడిగి తనకి కావలసింది వినేసుకుంటాడు. చెప్పేవాడు నోట్లో గాలితో సరిపెడతాడు. ఆ తరవాత ఒకడు చచ్చిపోతాడు, లేదా పెర్త్ వెళ్ళిపోతాడు.

గోడ గడియారం నాలుగూ ముప్పై నాలుగు. ఆమె ఫోన్ అందుకుంది. ఈసారి తలుపు వైపు చూడలేదు.

"హలో? చెప్పు. ఫ్యాక్స్ దగ్గరే ఉన్నా, నా వంతు వచ్చేసింది."

"పొద్దున్న నన్ను ఒకటి అడిగారు."

"ఏంటి?"

"పెర్త్ వెళ్దామా అని."

"ఊఁ అన్నావుగా."

"అన్నాను. మళ్ళీ అడగండి."

"ఇప్పుడా? కాత్యా, వెనకాల మనుషులున్నారు. ఇంటికొచ్చాక మాట్లాడుకుందాం."

"పంపించాక కాదు. ఇప్పుడే. అడిగి, నేను చెప్పేదాకా ఆగండి."

అవతల యంత్రం కాగితం కోసం కూతపెడుతోంది. ఎవరో "యూ రైట్, మేట్?" అంటున్నారు. ఆమె గొంతులోకి వస్తున్న ఊఁని అక్కడే పట్టి ఉంచింది. కాగితాలు సర్దుకుంటున్న అలికిడి.

"సారీ. యూ గో అహెడ్" అన్నాడు ఉమామహేశ్వరరావు, ఆమెతో కాదు, తన వెనక నిలబడ్డ మనిషితో.